కదలకండి, ఒక్క నిమిషం

జూన్ 4

ముందుగా క్షమించమని అడుగుతున్నాను. నా రాత కోడి కెలికినట్టు ఉంటుంది. ఒత్తు పెట్టాల్సిన చోట మరిచిపోతాను, అక్కర్లేని చోట పెడతాను. ఐదో తరగతితో బడి ఆగిపోయింది. ఇది నాకోసమే రాసుకుంటున్నాను, చదివేవాళ్ళు ఎవరూ లేరు. అయినా పెన్ను పట్టుకుంటే వెనక ఎవరో నిలబడి తప్పులు వెతుకుతున్నట్టే ఉంటుంది.

మా ఆయన తన సినిమాల్లో మాట్లాడేవాళ్ళకు చెబుతుంటారు, పైకి చెప్పుకోలేనిది రాసుకోండి, గుండె తేలికపడుతుందని. నాకు చెప్పలేదు. పక్కన కూర్చుని విన్నాను, అంతే.

ఆయన పని అన్యాయాలు తియ్యడం. గని కూలిపోయి చచ్చిపోయినవాళ్ళ మీద ఒక సినిమా, విచారణ లేకుండా జైల్లో ముసలివాళ్ళైపోయినవాళ్ళ మీద ఒకటి. కథల సినిమాలు కావు, నిజం మనుషులు కూర్చుని నిజం చెబుతారు. ముందుగదిలో అద్దాల బీరువా నిండా ఆయనకొచ్చిన బహుమతులు. వాటిని తుడవడం నా పని. అత్తయ్య సోఫాలో కూర్చుని చూస్తూ ఉంటుంది.

"అన్యాయం చేసినవాడికి ఏమీ రాదమ్మా. పడినవాడికీ ఏమీ రాదు. తీసినవాడికి మాత్రం బీరువా సరిపోవట్లేదు" అంటుంది. ఆ మాటకు తనే నవ్వుకుంటుంది. కొడుకు వినేలా మాత్రం అనదు.

జూన్ 9

ఇంకో పని కూడా ఉంది నాకు. కూర్చోవడం.

కెమెరా పక్కనే ఎత్తుపీట మీద, దాని అద్దానికి సమానంగా నా కళ్ళు ఉండేట్టు కూర్చోవాలి. మాట్లాడేవాళ్ళు నన్ను చూసి మాట్లాడతారు. ఆయన్ని చూస్తే భయపడతారు, కెమెరాను చూస్తే బిగుసుకుపోతారు. నన్ను చూస్తే ఏమీ అనిపించదట.

"నీ మొహంలో ఏమీ ఉండదు. అందుకే వాళ్ళకు కావలసింది అందులో చూసుకుంటారు" అన్నారు ఇవాళ. మెచ్చుకున్నట్టే అనుకుంటున్నాను.

నాకున్న ఒకే ఒక్క తప్పు తల ఊపడం. ఎవరైనా బాధ చెబుతుంటే తల దానంతట అదే ఊగుతుంది. అర్థమైందని తల ఊపితే వాళ్ళు చెప్పడం ఆపేస్తారట, అందుకని ఊపకూడదు. ఊపితే ఆయన పక్కనుంచి నా మడమ మీద బూటు ఆనిస్తారు. గట్టిగా కాదు.

జూన్ 10

మాటలు రికార్డు చేసే సౌండ్ బాబాయ్ నన్ను అడిగాడు, "అమ్మాయ్, కాలికేమైంది, కుంటుతున్నావ్?"

చెప్పు కరిచిందన్నాను.

"ఏ నంబరు చెప్పు? ఎనిమిదా, తొమ్మిదా?" అన్నాడు. మా ఆయన బూటు తొమ్మిది. ఇద్దరం నవ్వాం. బాబాయ్ ఆయనతో మొదటి సినిమా నుంచీ ఉన్నాడు.

జూన్ 15

ఇవాళ నేను చెప్పిన మాటకు ఆయన నవ్వారు!

అన్నం తింటున్నారు. రోజూ ఫోను చూస్తూ తింటారు, ఇవాళ ఛార్జింగులో పెట్టారు. ఏదో ఒకటి మాట్లాడాలనిపించింది. అమ్మ ఫోటో స్టూడియో సంగతి చెప్పాను. నాకు ఆరేళ్ళప్పుడు నాన్న మా ఇద్దర్నీ ఫోటో తీయించడానికి తీసుకెళ్ళాడు. ఫోటోగ్రాఫరు నల్లగుడ్డ సర్దుకుని "కదలకండి, ఒక్క నిమిషం" అన్నాడు. అంతే, అమ్మ లేచి వెళ్ళి గోడవైపు తిరిగి నిలబడింది. ముక్కు గోడకు ఆనించి, చేతులు వెనక కట్టుకుని. ఫోటోగ్రాఫరు "అమ్మా, కెమెరా ఇటుంది" అంటాడు, నాన్న పడీపడీ నవ్వుతాడు. ఆ ఫోటో రానే లేదు. మా ఇంట్లో అమ్మ ఫోటో ఒక్కటీ లేదు.

ఆయన బాగా నవ్వారు. పెళ్ళయ్యాక నా మాటకు నవ్వడం ఇదే.

"మళ్ళీ చెప్పు. సరిగ్గా ఏమన్నాడు ఫోటో అతను?"

"కదలకండి, ఒక్క నిమిషం."

"గట్టిగా అన్నాడా, మామూలుగానా?"

గట్టిగానే అన్నాడని చెప్పాను. ఇంకో గరిటె కూర వేసుకున్నారు.

జూన్ 28

కొత్త సినిమా ఒక పెద్ద భవనం మీద. ఇల్లూ వాకిలీ లేకుండా బండ్ల మీద తిరిగే కుటుంబాల పిల్లలను లారీల్లో ఎక్కించి తెచ్చి అక్కడ పెట్టేవారట, మంచి మనుషుల్ని చేస్తామని. జుట్టు కత్తిరించి, పేర్లు మార్చి, బట్టలుతికించేవారు. మళ్ళీ అమ్మానాన్నలను చూసినవాళ్ళు లేరు. ఇప్పుడా భవనంలో ఏదో ఆఫీసు ఉంది.

మా అమ్మ అక్కడ పెరిగింది. మూడేళ్ళ క్రితం ఆయన మా ఇంటికి మొదటిసారి వచ్చింది అందుకే. అమ్మ టీ ఇచ్చింది, "టీ అయితే ఇస్తాను గానీ కథ ఇవ్వను బాబూ" అంది. రెండుమూడు సార్లు వచ్చారు. నాలుగోసారి వచ్చినప్పుడు నన్ను అడిగారు. కథకోసం వెళ్ళి పెళ్ళాన్ని తెచ్చాడని అత్తయ్య ఇప్పటికీ అంటుంది. ఆమె మాటలకేం.

ఇవాళ మాట్లాడింది ఒక కుట్టుమిషను పెద్దావిడ. ఆవిడా అక్కడే పెరిగింది. తప్పు చేస్తే ఏం చేసేవాళ్ళని ఆయన అడిగారు.

"కొట్టడం తక్కువే నాయనా. 'కదలకండి' అనేవాళ్ళు. అంటే ఎక్కడున్నవాళ్ళం అక్కడ గోడకు ముక్కానించి నిలబడాలి. చేతులు వెనక. ఒక పిల్ల కదిలితే అందరికీ మొదట్నించీ మళ్ళీ. చిన్నవి తడుపుకునేవి. తడుపుకుంటే కదిలినట్టే లెక్క."

నా తల ఊగలేదు. ఆయన బూటు ఆనించలేదు. నావైపు చూశారు.

నేను వెలుగు రాకుండా కిటికీకి కట్టిన దుప్పటి వైపు చూశాను.

జూన్ 29

ఆయనకు గుర్తుండదు. అన్నం తినేటప్పుడు చెప్పినవి ఏవీ గుర్తుండవు ఆయనకు.

జులై 11

అమ్మ మాట్లాడాలంటున్నారు. అమ్మ లేకపోతే సినిమాకు గుండె లేదంటున్నారు. నన్ను వెళ్ళి అడగమంటున్నారు.

జులై 16

అడగలేదని తెలిసింది. నాతో మాట్లాడడం మానేశారు. కోపం లేదు, తిట్టలేదు. అత్తయ్యతో "దాన్ని మంచినీళ్ళు పెట్టమను" అంటున్నారు, నేను అక్కడే చెంబు పట్టుకుని నిలబడి ఉంటే.

జులై 23

అమ్మ దగ్గరికి వెళ్ళాను. అమ్మ ఒక లాడ్జీలో దుప్పట్లు ఉతుకుతుంది. ఇస్త్రీ గదిలో పక్కపక్కన నిలబడి మడతలు పెట్టాం.

"మీ ఆయన పంపించాడా?"

"లేదు. నేనే వచ్చా."

"అబద్ధం చెప్పేటప్పుడు మడత వంకరగా వస్తుందే నీకు. చిన్నప్పట్నించీ అంతే. విప్పి మళ్ళీ పెట్టు."

మళ్ళీ పెట్టాను. అప్పుడు చెప్పాను. నువ్వు మాట్లాడకపోతే నన్ను పంపించేస్తారమ్మా అని.

ఆయన ఆ మాట అనలేదు. నేనే అన్నాను. ఎందుకన్నానో తెలియదు. అనేవారేమో కూడా. ముందే చెప్పానంతే.

అమ్మ చాలాసేపు ఒకే దుప్పటి మడిచింది. "సరే, వస్తా. లారీ సంగతి చెప్తా, జుట్టు సంగతి చెప్తా. గోడల సంగతి అడక్కూడదు. నీ మొగుడు మాటివ్వాలి."

జులై 24

మాటిచ్చారు. "అత్తగారిని గోడల సంగతి ఒక్క ముక్క అడగను" అన్నారు. నాతో మాట్లాడారు. కాఫీ బాగుందన్నారు.

ఆగస్టు 6

రేపే. అమ్మకు నా నీలం చీర ఇచ్చాను. కెమెరాకు నీలం బాగుంటుందట. మాట్లాడడం అయ్యాక గది సౌండ్ ఎలా ఉంటుందో కూడా అమ్మకు చెబుదామనుకున్నాను, భయపడకుండా. ప్రతి గదికీ తనదైన నిశ్శబ్దం ఉంటుందని బాబాయ్ అంటాడు. ఎక్కడైనా మాట కోసేస్తే ఆ సందులో అతికించడానికి అది కావాలట. అందుకని చివర్లో బాబాయ్ మెల్లగా "గది సౌండ్" అంటాడు. కెమెరా ఆపేస్తారు, ఎర్రలైటు ఆరిపోతుంది. అందరం ఊపిరి బిగబట్టి ఒక్క నిమిషం కూర్చుంటాం. కొందరు సాక్షులు అప్పుడే ఏడుస్తారు. అవి ఎవరూ తియ్యరు.

చెప్పడం కుదరలేదు. అమ్మ వచ్చేసరికి అలసిపోయి ఉంది.

ఆగస్టు 7

కెమెరా అన్నయ్య కిటికీలకు దుప్పట్లు కట్టాడు. చప్పుడు రాకుండా ఫ్రిజ్ ఆపేశాం. మళ్ళీ వెయ్యడం మరిచిపోకుండా ఆయన బండి తాళంచెవి ఫ్రిజ్‌లో పెడతారు, బయటికెళ్ళాలంటే దాన్ని తెరవాలి కదా. అమ్మ అది చూసి, "చల్లబడితే బండి బాగా నడుస్తుందా బాబూ?" అంది. అందరం నవ్వాం. ఆయన కూడా.

మొదట అమ్మ ఒప్పుకున్నట్టు కెమెరాకు చెప్పాలి. "నా కూతురు చెప్పమంది. చెప్తున్నా" అంది. ఆయన అది చాలన్నారు.

అమ్మ నన్ను చూస్తూ మాట్లాడింది. లారీలో పక్కన ఒక మేకపిల్లను కూడా ఎక్కించారట, దానికీ పిల్లలకూ కలిపి ఒకటే తాడు. జుట్టు కత్తిరించినప్పుడు నేలమీద ఎవరి జుట్టు ఎవరిదో వెతుక్కున్నారట. ఇవేవీ నేను ఎప్పుడూ వినలేదు. ఇరవై మూడేళ్ళు ఆమె పక్కన పడుకుని వినలేదు. తల ఊపకుండా కూర్చున్నాను.

ఆయన గోడల సంగతి అడగలేదు. మాట నిలబెట్టుకున్నారు. అది మాత్రం రాయాలి.

అయిపోయిందన్నారు. అమ్మ కొంగుతో మొహం తుడుచుకుని నన్ను చూసి నవ్వింది. బాబాయ్ "గది సౌండ్" అనడానికి నోరు తెరిచాడు. ఈలోగా ఆయనే లేచి నిలబడి గట్టిగా అన్నారు.

"కదలకండి! ఒక్క నిమిషం."

అమ్మ కుర్చీలోంచి లేచింది. తొందరపడలేదు, తడబడలేదు. గోడ దగ్గరికి వెళ్ళి ముక్కు ఆనించింది. చేతులు వెనక కట్టుకుంది. మడమలు దగ్గరికి జరిపింది. నా నీలం చీర.

ఎర్రలైటు వెలుగుతూనే ఉంది.

నేను లేవాలి. వెళ్ళి అమ్మ భుజం మీద చెయ్యి వెయ్యాలి, అమ్మా ఇది మా ఇల్లు, కూర్చో అనాలి. నా మడమ మీద బూటు ఉంది. గట్టిగా కాదు.

నిమిషం అయిపోయింది. అమ్మ అలాగే నిలబడి ఉంది. ఇక తిరగమని ఎవరో చెప్పాలి కదా, అప్పటిదాకా తిరగదు. ఆయన కెమెరా అన్నయ్య చెవిలో చెప్పారు. అన్నయ్య కెమెరా ఎత్తుకుని అమ్మ పక్కకు వెళ్ళాడు, మొహం కనపడే వైపుకు. బాబాయ్ హెడ్‌ఫోన్లు తీసి, "బ్యాటరీ అయిపోయింది బాబూ, సౌండ్ రావట్లేదు, ఆపేద్దాం" అన్నాడు. బ్యాటరీ పచ్చలైటు నాకు కనిపిస్తూనే ఉంది.

"సౌండ్ అక్కర్లేదు బాబాయ్" అన్నారు ఆయన.

అమ్మ కాళ్ళ దగ్గర నేల తడిసింది. అన్నయ్య కెమెరా కిందికి దించబోయాడు. ఆయన వేలితో చూపించారు, దించమని కాదు, నేలను తియ్యమని.

ఆగస్టు 8

పాలు విరిగిపోయాయి. ఫ్రిజ్ వెయ్యడం అందరం మరిచిపోయాం. ఆయన అమ్మను ఆటోలో దింపి వచ్చారు. తాళంచెవి ఇంకా అందులోనే ఉంది.

ఆగస్టు 9

ఆ రోజు ముందుగదిలో నేల నేనే తుడిచాను. అత్తయ్య తడిగుడ్డ తెచ్చి ఇచ్చింది. ఏమీ అనలేదు. ఏమైనా అంటే బాగుండేది.

ఆగస్టు 20

ఆయన మరిచిపోయి అలా అన్నారేమో. సౌండ్ బాబాయ్ ఆలస్యం చేశాడు కాబట్టి అన్నారేమో. బాబాయ్ పని మానేశాడు.

సెప్టెంబరు 2

ఎడిటింగు గదికి భోజనం తీసుకెళ్ళాను. తెర మీద అమ్మ వీపు ఆగిపోయి ఉంది. అది తీసెయ్యమని అడిగాను. ఇంత పెద్ద మాట ఆయన్ని ఎప్పుడూ అడగలేదు.

కోప్పడలేదు. కుర్చీ జరిపి నన్ను కూర్చోబెట్టారు.

"చూడు. వంద పుస్తకాలు రాసినా ఇది రాదు. ఎన్ని కమిషన్లు వేసినా రాదు. ఎంత కాలమైనా ఆ ఒళ్ళు మరిచిపోలేదు. ఇది దాచేస్తే ఆ భవనం వాళ్ళకూ మనకూ తేడా ఏంటి?"

ఆ వెంటనే గిన్నె మూత తీసి, "ఉప్పు తగ్గించమన్నానా?" అన్నారు.

వచ్చేటప్పుడు మాటిచ్చారు. ముందు అమ్మకు చూపిస్తారు. అమ్మ వద్దంటే తీసేస్తారు.

అక్టోబరు 19

చూపించడానికి సమయం కుదరలేదట. అందరితో పాటు హాల్లోనే చూస్తే బాగుంటుందట. అమ్మకు ముందువరుసలో సీటు.

అక్టోబరు 27

తొందరగా రాస్తున్నాను, అక్షరాలు ఇంకా పాడవుతాయి.

హాలు నిండిపోయింది. అమ్మ పక్కన నేను, నా పక్కన అత్తయ్య. మేకపిల్ల దగ్గర అందరూ నవ్వారు. అమ్మ కూడా నవ్వింది, తెర మీద తన మాటకు జనం నవ్వితే ముచ్చటపడింది. నా చెయ్యి నొక్కింది.

తర్వాత ఆ నిమిషం వచ్చింది. సౌండ్ లేదు. హాలంతా ఊపిరి బిగబట్టింది. అమ్మ చెయ్యి నా చేతిలోంచి మెల్లగా వెళ్ళిపోయింది. నేను తెర చూడలేదు, అమ్మను చూడలేదు, ముందున్న మెట్టు అంచు చూశాను. పక్కన అత్తయ్య తనలో తను, "ఛీ, వీణ్ణి నేనేనా కన్నది" అంది.

దీపాలు వేశాక జనం లేచి నిలబడి చప్పట్లు కొట్టారు. ఆగకుండా కొట్టారు. అమ్మ కూడా లేచి కొట్టింది. అందరూ ఒకటే పని చేసేటప్పుడు ఒక్కరు చెయ్యకపోతే ఏమవుతుందో అమ్మకు తెలుసు.

వెనక వరుసలోంచి కళ్ళజోడు అమ్మాయి ఒకామె లేచి అడిగింది. "ఆ సమయంలో కెమెరా నడుస్తోందని ఆవిడకు తెలుసా? ఒప్పుకునే చేశారా?"

ఆయన నవ్వారు. "ఆ ప్రశ్న నన్ను అడగకూడదు. ఆవిడ కూతురు ఇక్కడే ఉంది. నా భార్య" అని నన్ను పైకి పిలిచారు.

పదిమంది ముందు నేను ఎప్పుడూ నోరు విప్పలేదు. మైకు చేతిలో పెట్టారు. దీపాలు కళ్ళల్లో పడుతున్నాయి, ముందువరుసలో నీలం చీర ఒక్కటే కనిపిస్తోంది. ఆయన నా పక్కనే నిలబడ్డారు. బూటు ఆనించలేదు. అక్కర్లేకపోయింది.

తల ఊపాను.

"గట్టిగా చెప్పండి, వినపడాలి" అన్నారెవరో.

"తెలుసు" అన్నాను. "అమ్మకు తెలుసు."

నాకు కూడా చప్పట్లు కొట్టారు.

అక్టోబరు 28

బస్టాండులో బస్సెక్కే ముందు అమ్మ నాతో ఒక్క మాట అంది. పొద్దుటి నుంచీ అది నోట్లో పెట్టుకుని తిరుగుతున్నాను. మింగుడు పడట్లేదు, ఉమ్మెయ్యలేను. ఇక్కడ పెడుతున్నాను.

"వాళ్ళు మమ్మల్ని నిలబెట్టినప్పుడు చూడ్డానికి జనాన్ని పిలవలేదే."

తిట్టలేదు. ఏదో గుర్తొచ్చినట్టు అంది. తర్వాత నీలం చీర సంచి నా చేతిలో పెట్టింది. ఉతికి, ఇస్త్రీ చేసి, మడత పెట్టి ఉంది. రాత్రి మా ఇంట్లోనే ఉంది, ఎప్పుడు ఉతికిందో. మడత వంకర లేదు.

నవంబరు 5

అమ్మకు ఫోను చేశాను. లాడ్జీ ఆయన ఎత్తి, మీ అమ్మ పనిలో ఉందన్నాడు.

నవంబరు 12

పనిలో ఉందన్నాడు.

నవంబరు 30

కొత్త బహుమతి వచ్చింది. బీరువాలో చోటు లేక గని బహుమతిని పైఅరలోకి ఎక్కించాను. అత్తయ్య ఈసారి జోకు వెయ్యలేదు.

డిసెంబరు 8

ఆయన వంటగదిలోకి కెమెరా తెచ్చారు. తనే పట్టుకున్నారు. తర్వాతి సినిమా ఏదని అడిగితే ఇన్నాళ్ళూ చెప్పలేదు, ఇవాళ చెప్పారు. కూతురు. ఆ భవనంలో పెరిగిన ఆమె కడుపున పుట్టిన కూతురు. అన్యాయం ఒక తరంతో ఆగదట.

ఇన్నాళ్ళూ కెమెరా పక్కన కూర్చున్నాను. ముందు కూర్చోవడం ఇదే. నా ఎదుట పీట మీద ఎవరూ లేరు.

"మీ అమ్మ వెళ్ళేటప్పుడు నీతో ఏదో అంది. దూరం నుంచి చూశాను. ఏమంది?"

"ఏమీ లేదండి."

"నీ మొహం మారిపోయింది అప్పుడు. నీ మొహం మారడం మొదటిసారి చూశాను. ఏమంది?"

"బస్సు ఎప్పుడు బయల్దేరుతుందని అడిగింది."

"అదొక్కటేనా?"

"కిటికీ పక్క సీటు దొరుకుతుందా అని కూడా అడిగింది."

చేతిలో తుడుపుగుడ్డ మడత పెడుతున్నాను. వంకరగా వచ్చింది. ఆయనకు తెలియదు ఆ సంగతి. అది ఎవరికీ చెప్పలేదు.

కెమెరా కట్టేసి, మామూలుగా అన్నారు, "నువ్వేదో పుస్తకంలో రాసుకుంటున్నావట. మా అమ్మ చెప్పింది. ఒకసారి ఇవ్వు, ఊరికే చూస్తా."

అత్తయ్య కావాలని చెప్పిందో, నోరుజారిందో.

డిసెంబరు 9

రేపు ఇస్తానన్నాను. తల ఊపాను కూడా.

నేను తల ఊపే మనిషిని. ఇవాళ కాకపోతే వారానికి, వారానికి కాకపోతే నాతో మాట్లాడడం మానేసిన నాడు, ఇచ్చేస్తాను. ఇస్తే అమ్మ మాట పెద్దపెద్ద అక్షరాలతో తెర మీద పడుతుంది, కింద పాట పెడతారు, హాలు లేచి నిలబడుతుంది. అమ్మకు మళ్ళీ ముందువరుసలో సీటు వేస్తారు.

పొయ్యి రెండుసార్లు వెలిగించాను, రెండుసార్లూ ఆర్పేశాను. అమ్మ నాతో ఆఖరుగా అన్న మాట నాకు తప్ప ఎవరికీ తెలియదు. నన్ను నేను నమ్మలేను, ఈ కాగితాన్ని నమ్మాను. అందుకే నా చేత్తో కాల్చలేకపోతున్నాను.

ఆయన ఎప్పుడూ చెయ్యి పెట్టని చోట, బీరువా అడుగున, తుడిచే గుడ్డల కింద దాస్తున్నాను. నా తర్వాత ఈ ఇంట్లో తుడిచేది ఎవరో, ఇది మీకే దొరుకుతుంది. నా రాతకు మళ్ళీ ఒకసారి క్షమించండి. మీకూ చదువు తక్కువైతే చదవొద్దు, నేరుగా పొయ్యిలో పెట్టండి. చదివేసి ఉంటే, ఇప్పుడైనా పెట్టండి. పూర్తిగా కాలేదాకా నిలబడి చూడండి. గదిలో ఎర్రలైటు ఏదీ వెలగట్లేదని ముందు చూసుకోండి.